గవిదొరకు సమాధానం

చీకటికీ వెలుగుకూ వేరు వేరు పేర్లు పెట్టిన దేవునికి స్తోత్రం. టమాటా లారీల హారన్లతో మదనపల్లెను లేపి, ఆ గోలలోనే నన్నూ లేపి, ఇంకొక దినం నా చేతిలో పెట్టిన తండ్రికి స్తోత్రం. నోటికి మాట ఇచ్చింది ఆయనే. ఆ మాట ఎటు పోతుందో మనకంటే ముందు తెలిసినవాడూ ఆయనే. ఇప్పుడు నేను రాయబోయేది ఒక కట్టుకథ గురించి, అందులోని ఒక్క మాట వల్ల మా ఇంటి బిడ్డకు వచ్చిన చిక్కు గురించి. అందుకని ముందు ఆయన నామాన్ని ఘనపరచి మొదలుపెడుతున్నాను.

నాకు అనుమానం ఎక్కువ. మా నాయన చౌడేపల్లె చుట్టుపక్కల పల్లెల్లో ఉపదేశిగా తిరిగినవాడు. కూలికి పోయి వచ్చినవాళ్లను సాయంత్రం దీపం ముందు కూర్చోబెట్టి వాక్యం చదివి వినిపించేవాడు. నా బుద్ధి చూసి ఆయన "ఇది వివేచన వరం" అనేవాడు. మా అమ్మ మాత్రం "వరం లేదు గిరం లేదు, దీనికి ఎవుర్ని సూసినా దొంగే" అనేది. ఇద్దరిలో ఎవరి మాట నిజమో ఈ వయసుకు కూడా తేలలేదు. మదనపల్లెలో మా సంఘం పిల్లలకు చాలా ఏళ్లుగా సండే స్కూలు పాఠం చెబుతున్నాను. పిల్లలు అల్లరి చేస్తే నాకు భయం లేదు. సద్దు లేకుండా ఉంటేనే లేచి వెళ్లి చూస్తాను.

ఒక ఆదివారం అట్లా వెళ్లి చూస్తే, చర్చి మెట్ల కింద సందులో ఒక పిల్ల కళ్లు పెద్దవి చేసుకుని కూర్చుని ఉంది. మిగతావాళ్లు ఒక్కొక్కరే దాని ముందుకు పోతున్నారు. అది గొంతు బొంగురు చేసి "నీ నిద్ర నాకియ్" అంటుంది. ఇచ్చినవాళ్లు గోడ వారగా రెప్ప వేయకుండా నిలబడాలి. కళ్లల్లో నీళ్లు కారుతున్నా నిలబడే ఉన్నారు.

"ఏందిది?" అన్నాను.

"గవిదొర ఆట టీచర్. ఫోన్లో వస్తాది గదా."

"ఎవురి ఫోన్లో?"

"అందరి ఫోన్లోనూ. మీ ఫోన్లో రాదా?" అని ఆ పిల్ల నా వైపు జాలిగా చూసింది.

గవి అంటే మా వైపు కొండగుహ. ఎవరో "రెప్ప" అని పేరు పెట్టుకుని, ఫోన్లో కథలు రాసే ఒక చోట వారానికి కొంత రాస్తున్నారు. గవిలో ఒక దొర ఉంటాడు. వాడికి యుగాలుగా నిద్ర లేదు. కొండ కింది పల్లెల్లో ఒక్కొక్క ఇంటి నిద్రా లాక్కుంటాడు. నిద్ర పోగొట్టుకున్నవాళ్లు రాక్షసులవుతారు. తల్లి సొంత బిడ్డను గుర్తుపట్టదు. అన్న పోయి తమ్ముడి ఆవుల కాళ్లు నరుకుతాడు. వారం వారం ఒక ఇల్లు చీకటైపోతుంది. ప్రతిసారీ దొర అడిగేది ఒకటే: నాకు నిద్ర లేకుండా చేసింది ఎవరు? చివరికి ఒక గొర్రెల కాపరి కూతురు వాణ్ని వెతుక్కుంటూ గవిలోకి పోతుంది. ఇది చాలదన్నట్టు, కుప్పంలో ఫోటో స్టూడియో పెట్టుకున్న ఒకతను స్నేహితులను పోగేసి, రామకుప్పం పక్కన అడవి అంచున ఈ కథనే వీడియోలుగా తీసి వదులుతున్నాడు. చదివేవాళ్లు చదువుతున్నారు, చూసేవాళ్లు చూస్తున్నారు.

ఆ శుక్రవారం ఉపవాస కూడికలో లేచి దీని గురించి హెచ్చరించాను. వెనక కూర్చున్న కుర్రపిల్ల ఒకతె "కథే గదా ఆంటీ" అంది.

"ఉత్త కథైతే పిల్లోళ్లు రెప్ప ఎయ్యకుండా యాల నిలబడతాండారు?"

"మావాడు మాత్రం అది సదివినాకే పండుకునే ముందర ప్రార్థన చేస్తాండాడక్కా. ఇంతకు ముందు ఎంత కొట్టినా చేసేవాడు కాదు" అంది ఇంకొకామె.

అందరూ నవ్వారు. నాకు అది కూడా అనుమానంగానే తోచింది. గవిదొరకు భయపడి చేసే ప్రార్థన ఎవరికి చేరుతుంది? ఇంటికి పోయేటప్పటికి కూడిక రెండు ముక్కలై ఉంది. పాపమనేవాళ్లు ఒక వైపు, పిల్లలకు మంచీ చెడూ తెలుస్తున్నాయి అనేవాళ్లు ఒక వైపు.

కథ ఆఖరి భాగం వచ్చాక పుంగనూరు సంఘ పెద్ద నాకు ఫోన్ చేశాడు. ఆయన బస్సు కండక్టరుగా చేసి రిటైరైన మనిషి. ఇప్పటికీ మాట్లాడుతుంటే టికెట్ లేనివాణ్ని పట్టుకున్నట్టే ఉంటుంది.

"వందనాలు టీచరమ్మా. గవిదొర ఆఖరిది సదివినారా?"

"నేను అట్లాంటివి సదవనప్పా."

"సదవాల. రాసింది మనోళ్లే."

"ఎట్ల సెప్తారు?"

"ఆ గొర్లోళ్ల పిల్ల పోయి దొరకు సమాధానం ఇస్తాది, వాడు కండ్లు మూసుకుంటాడు. కత అంతే. సమాధానం! బయటోళ్లయితే శాంతి అంటారు. మన నోట్లోనే గదా ఆ మాట ఉండేది."

నిజమే. ఊళ్లో ఎవరినైనా అడగండి, సమాధానం అంటే ప్రశ్నకు చెప్పే జవాబు. మా ప్రార్థనల్లో, మా దీవెనల్లో మాత్రం సమాధానం అంటే మనసుకు దొరికే నెమ్మది. తగాదా పడినవాళ్లను మేము సమాధానపరుస్తాం. చనిపోయే మనిషి పక్కన కూర్చుని సమాధానం దయచేయమని అడుగుతాం. మా పిల్లలు బడికి పోయి తెలుగు పాఠం కింద "సమాధానములు రాయుము" అని చూసి మొదట తికమక పడతారు.

"దయ్యానికి సమాధానం ఇచ్చేది ఏంది టీచరమ్మా?" పెద్దాయన గొంతు పెరిగింది. "ఇది రాసినోళ్లు మన సంఘాల్లో ఎవురైనా సరే, పిల్లోళ్ల క్లాసు దగ్గరికి రానియ్యను. బల్ల గూడా ఆపమని పాస్టరు అయ్యగారికి చెప్తా. మీకు భాష బాగా తెలుసు. ఎవురో పట్టండి."

బల్ల ఆపడం అంటే ప్రభు భోజనంలో చేయి చాచనివ్వకపోవడం. మా వాళ్లకు అంతకంటే పెద్ద సిగ్గు లేదు. నన్ను పట్టుకోమన్నందుకు, నిజం చెప్పాలంటే, కొంచెం గర్వపడ్డాను.

మధ్యాహ్నం కూర్చుని మొత్తం చదివాను. తప్పులు వెతకడానికే చదివాను. దొరికాయి కూడా. ఆఖరి మాటల దగ్గరికి వచ్చేసరికి ఫోన్ ఒళ్లో పెట్టేశాను. "ఆమె ఇంకేమీ మాట్లాడలేదు. దొరకు సమాధానం ఇచ్చింది. దొర కళ్లు మూసుకున్నాయి." పెద్దాయన సమాధానం అనే మాట పట్టుకున్నాడు. నన్ను పట్టుకున్నది ఆ పక్క మాట. మా వాళ్లలో సమాధానం కలుగుతుంది, దొరుకుతుంది, దేవుడు దయచేస్తాడు. మనిషి మనిషికి ఇచ్చే వాడుక లేదు. అట్లా ఇచ్చినవాణ్ని నేను ఒక్కణ్నే చూశాను. మా నాయన. కుటుంబ ప్రార్థన అయ్యాక ఒక్కొక్క బిడ్డ నెత్తిన చేయి పెట్టి, బెల్లంముక్క చేతిలో పెట్టినంత మామూలుగా "ఇదో, నీకు సమాధానం ఇచ్చినా. ఇంక పండుకో" అనేవాడు.

ఆయన కడపటి ఏళ్లు పుంగనూరులో మా తమ్ముడి ఇంట్లో గడిచాయి. తమ్ముడి కూతురు తాత మంచం పక్కనే చాప వేసుకునేది. ఆ మాట వింటూ నిద్రపోయి పెరిగిన పిల్ల ఈ కాలంలో అది ఒక్కతే.

దానికి చిన్నప్పటి నుంచి నత్తి. పెద్దవాళ్ల ముందు నోరు తెరిస్తే మొదటి అక్షరం దగ్గరే ఇరుక్కుపోతుంది. పాల డెయిరీ ఆఫీసులో కంప్యూటరు ముందు ఉద్యోగం చేస్తుంది, అక్కడ మాట్లాడే పని తక్కువ. దాని నాలుక సాఫీగా ఆడే చోటు లోకంలో ఒకటే ఉంది. అది పుంగనూరు సంఘంలో చిన్నపిల్లల క్లాసు. నేను ఒకసారి కిటికీ అవతల నిలబడి విన్నాను. ఏరు పారినట్టు చెప్పుకుపోతోంది. క్లాసు అయ్యి బయటికి వచ్చి నన్ను చూడగానే "అ... అ..." అని అత్తా అనడానికి అంతసేపు పట్టింది. పెద్దాయన దాని నుంచి తీసేస్తానంటున్నది ఆ క్లాసునే.

మరుసటి ఉదయం పుంగనూరు బస్సెక్కాను. నా ముందు సీటులో కాలేజీ పిల్లలు ఇద్దరు వాదించుకుంటున్నారు.

"నువ్వు సదివినావా లేదా? దాంట్లో సంపలేదే."

"సంపకుండా ఏంది? కండ్లు మూసుకున్నాయి అని ఉండాది గదా. వీడియోలో సూడు, కత్తి ఎట్ల దింపినాదో!"

"వీడియో తీసినోడికి బుద్ధి లేదు. కండ్లు మూసుకుంటే సచ్చినట్టేనా? నువ్వు రోజూ క్లాసులో మూసుకుంటావు గదా."

"అయితే జవాబేంది? సమాధానం ఇచ్చినాది అన్నారే, ఏం జవాబు ఇచ్చినాది? ఆ ముక్క రాయకుండా ఎగ్గొట్టినాడు. కింద అందరూ అదే తిడతాండారు."

పక్క సీటులో ఖాళీ పాలక్యాను కాళ్ల మధ్య పెట్టుకున్న ఆయన అటు తిరిగాడు. "ఎవురమ్మా సచ్చిపోయింది?"

"గవిదొర."

"అయ్యో. ఏ ఊరాయన?"

పిల్లలు ఒకరి మీద ఒకరు పడి నవ్వారు. నాకు నవ్వు రాలేదు. ఒకే కథ, ఒకే వాక్యం. బయటివాళ్లు దాన్ని జవాబు అని చదివి, ఏ జవాబో చెప్పలేదని రాసినవాళ్లను తిడుతున్నారు. మావాళ్లు నెమ్మది అని చదివి, దయ్యానికి ఇచ్చినందుకు తిడుతున్నారు. చూసేవాళ్లు మాత్రం కత్తి చూసి సంతోషంగా ఉన్నారు.

నేను మా మేనకోడలి ఇంట్లో అడుగు పెట్టేసరికి దాని మొగుడు టీవీలో అదే పెట్టుకుని కూర్చున్నాడు. చౌడేపల్లె దారిలో ఆటో నడుపుతాడు. మంచివాడే, గట్టిగా మాట్లాడతాడు.

"రా పెద్దమ్మా, సరైన టైముకు వచ్చినావు. సూడు, ఇప్పుడు దింపుతాది!"

టీవీలో గొర్రెల కాపరి కూతురు కత్తి దించింది. ఎర్రనీళ్లు గుహ గోడ మీద చిందాయి.

"అదీ జవాబంటే!" అని తొడ చరుచుకున్నాడు. "ఆ రాసినోడు ఉండాడే, వాడు పిరికోడు పెద్దమ్మా. సంపినాదో లేదో సెప్పకుండా జారుకున్యాడు. ఈ కుప్పమోడే మేలు, తేల్చేసినాడు."

నేను టీవీ చూడలేదు. వంటింట్లో సంగటి కెలుకుతున్న నా మేనకోడలి వీపు చూశాను. పిరికోడు అన్న దగ్గర తెడ్డు ఆగింది. మళ్లీ తిరిగింది.

అతను ఆటో తీసుకుని పోయాక వంటింటి గుమ్మంలో పీట వేసుకుని కూర్చున్నాను. నీళ్లు తాగాను. "సమాధానం ఇచ్చేది ఎవురు నేర్పించినారే నీకు?" అని అడిగాను.

అది నా ముఖంలోకి చూడలేదు. "తా... తాత" అంది.

అంతే. దాచడానికి కూడా ప్రయత్నించలేదు. నాకు కోపం వచ్చింది, దానికంటే ముందు భయం వేసింది. పెద్దాయన మాటలన్నీ చెప్పాను. క్లాసు సంగతి చెప్పగానే పొయ్యి కట్టేసి నా ఎదురుగా కింద కూర్చుంది.

"ముందు ఇది సెప్పు. వాడు దయ్యమా, మనిషా?"

"తె... తెలీదు అత్తా."

"రాసిన దానివి నీకు తెలీకుంటే ఎవురికి తెలుస్తాది?"

"నిద్ర లేనోడు. నాకు అంతే తెలుసు."

తర్వాత ఆగి ఆగి చెప్పింది. తాత పోయాక దానికి చాలాకాలం నిద్ర పట్టలేదు. నెత్తిన చేయి పెట్టి ఆ మాట చెప్పేవాళ్లు లేరు. నిద్ర లేని మనిషి ఎంత చెడ్డగా అవుతాడో అప్పుడే తెలిసింది. మొగుణ్ని ఊరికే కరిచేది. ఒకసారి క్లాసులో ఒక పిల్ల ఏడిస్తే విసుక్కుంది, తర్వాత తన చేతులు చూసుకుని భయపడింది. అప్పుడు మొదలుపెట్టింది రాయడం. రాసిన రోజు నిద్ర వచ్చేది.

నేను జాలిపడ్డాను, కానీ ఒప్పుకోలేదు. "ఎంత చెడ్డ మనిషికైనా సమాధానం ఉండాది. దయ్యానికి లేదు. మీ తాత నేర్పించిందే ఇది గూడా. యుగాల తరబడి గవిలో కూసున్నోడు మనిషి ఎట్ల అవుతాడే?"

అది లేచి సంగటి గిన్నెకు మూత పెట్టింది. నాకు అది నచ్చలేదు. రాసే చేతిని తానే నడిపిస్తోందా, ఇంకేదైనా నడిపిస్తోందా అని లోపల ఒక పురుగు తొలుస్తూనే ఉంది. ఆ మాట పైకి అనలేదు.

మర్నాడు సెలవు పెట్టి కుప్పం పోతానంది. వీడియోలో ఆఖరి భాగం మార్చమని అడగడానికి. నేనూ వస్తానన్నాను. ఆ స్టూడియో మనిషే దాని పేరు మావాళ్లకు చేరవేస్తాడేమోనని నా అనుమానం. పలమనేరులో బస్సు మారి కుప్పం చేరాం. స్టూడియో అద్దంలో పెళ్లిఫోటోలు, వాటి మధ్యలో గవిదొర బొమ్మ. అడవిలో తీసిందే, మొహానికి బొగ్గు పూసుకున్న మనిషి. నేను తల తిప్పుకున్నాను.

లోపలి నుంచి వచ్చినతనికి నా మేనకోడలు తన ఫోన్లో అతను పెట్టిన మెసేజీలు చూపించింది. అతను ఫోన్ చూసి, దాన్ని చూసి, మళ్లీ ఫోన్ చూశాడు.

"మీరా అన్నా!" అని నాలుక కరుచుకున్నాడు. "అక్కా! ఇన్ని దినాలూ అన్నా అన్నా అని మెసేజ్ పెడతాంటి గదక్కా! ఒక్కసారన్నా సెప్పకూడదా?"

అది నవ్వి, తాను అడగదలచినది ఫోన్లోనే టైపు చేసి చూపించింది. కొత్తవాళ్ల దగ్గర దానికి అదే దారి. అతను చదివి తల గీరుకున్నాడు.

"సంపకుండా ఎట్లక్కా? మీరే గదా రాసినారు, సమాధానం ఇచ్చింది అని. జవాబు ఇచ్చింది. నిద్ర లేకుండా చేసింది ఎవురు అని అడుగుతానే ఉండాడు వాడు మొదట్నించీ. రాక్షసునికి నోటితో జవాబు సెప్తే ఇంటాడా? కత్తే గదా జవాబు. నేను శానా ఆలోచించి తీసినా."

"మా దాంట్లో సమాధానం అంటే జవాబు కాదప్పా" అన్నాను నేను. "నిమ్మళం."

అతను నోరు తెరిచాడు. "నిమ్మళమా! ఆ పిల్ల వానికి నిమ్మళం ఇచ్చినాదా? అయితే వాడు సావలేదా?"

"పండుకున్యాడు" అంది నా మేనకోడలు. ఆశ్చర్యం, ఎక్కడా ఇరుక్కోకుండా అంది.

"అయ్యో దేవుడా. నిమ్మళం అని రాసుంటే అయిపోవు గదక్కా. ఆ ఎర్రనీళ్లు ఎగజిమ్మేదానికి సైకిలు పంపు కట్టినాం." అద్దంలోని దొర బొమ్మ వైపు తిరిగాడు. "మళ్లీ తీద్దామన్నా ఇప్పుడు కుదరదు. ఆ గవి కాడ ఏనుగులు దిగుండాయి, ఎవుర్నీ పోనియ్యరు. అదీగాక సూసినోళ్లకు కత్తే బాగుండాది. సదివినోళ్లు నన్ను తిడతాండారు, సూసినోళ్లు మిమ్మల్ని తిడతాండారు. సరిపోయె."

మేము బయలుదేరేటప్పుడు, దొర చావలేదని ఇంకొక కథ రాస్తే తీస్తానన్నాడు. ఆ మాట వినగానే, ఇంతసేపూ పడిన ఆశ్చర్యం అంతా దీనికోసమేనా అనిపించింది నాకు. అయినా మావాళ్లకు దాని పేరు చేరవేసే మనిషి అతను కాదని తెలిసింది. మేము పోయేదాకా రాసింది ఆడమనిషని కూడా అతనికి తెలియదు.

బస్సులో తిరిగి వస్తుంటే ఒక సంగతి తట్టింది. ఆ మాటకు రెండు అర్థాలున్నాయి. జవాబు అనే అర్థంలో రాశానని నా మేనకోడలు అంటే ఎవరూ కాదనలేరు. కథ అట్లా కూడా నిలబడుతుంది, వీడియో సాక్ష్యం ఉంది, దయ్యం చచ్చింది, క్లాసు మిగులుతుంది. నేను ఆ మాట పైకి అనలేదు. దానికీ తట్టే ఉంటుందని, అదే చెబుతుందని లోపల కోరుకున్నాను.

ఇంటికి రాగానే అది మొగుడికి చెప్పేసింది. అతను ముందు నమ్మలేదు.

"నువ్వా? ఆ దొరను రాసింది నువ్వా? మరి నాకు యాల సెప్పలేదే?"

"నువ్వు తి... తిడతాంటివి గదా, పిరికోడని."

"పిరికోడు అన్న్యా గానీ పిరికిది అన్న్యానా?" అన్నాడు అతను. ముగ్గురం నవ్వాం. తర్వాత అతను తలుపు దగ్గరికి పోయి వీధి చూస్తూ నిలబడ్డాడు.

పెద్దాయన ఫోన్ చేస్తే, నా మేనకోడలు చెప్పమన్నట్టే, ఆదివారం ఆరాధన అయ్యాక రాసిన మనిషే లేచి చెబుతుందని మాత్రం చెప్పాను. "ఆడమనిషా!" అన్నాడు. నేను ఫోన్ పెట్టేశాను.

ఆ ఆదివారం ఆరాధన ముగిశాక పిల్లలను బయటికి పంపి, పెద్దలు చాపల మీద కూర్చున్నారు. నా మేనకోడలు లేచి నిలబడింది. ఫోన్లో "రెప్ప" పేరుతో తాను రాసే పేజీ తెరిచి పెద్దాయన చేతికి ఇచ్చింది. ఆయన కళ్లజోడు పెట్టుకుని చూసి, ఆమెను చూసి, మెల్లగా కూర్చున్నాడు. ఆమెను చిన్నప్పుడు ఎత్తుకున్న మనిషే. ఆమె క్లాసులో ఆయన మనవరాలు కూడా ఉంది.

ఒకామె "నాకు ముందే తెలుసు" అంది. ఆమెకు ఏమీ తెలియదు. ఇంకొకాయన "బిడ్డ బాగా రాసినాదప్పా, మా ఇంట్లో అందరూ సదివినారు" అన్నాడు. "అదే గదా తప్పు" అని వెనక నుంచి ఎవరో అన్నారు. కాసేపు గోల అయింది.

పెద్దాయన చేయెత్తి అందరినీ ఆపాడు. ఆయన గొంతు ఎప్పుడూ లేనంత మెత్తగా ఉంది. "నేను మా మనవని ఫోన్లో వీడియో గూడా సూసినానమ్మా. దాంట్లో ఆ పిల్ల వాణ్ని సంపేస్తాది. బయటోళ్లంతా సమాధానం అంటే జవాబు అనే అనుకుంటాండారు. ఒకే ఒక మాట అడుగుతా, సెప్పు. నువ్వు రాసిన సమాధానం బయటోళ్లదా, మనదా? జవాబు అనే రాసుంటే ఇంక గలాటా లేదు. పోయి క్లాసు తీసుకో."

ఆయన తలుపు తెరిచి పట్టుకున్నాడా, వల పరిచాడా? అప్పుడు నాకు తెలియలేదు. ఇప్పటికీ తెలియదు. నేను ఆమె పెదాల వైపే చూస్తున్నాను. మొదటి అక్షరం దగ్గర ఇరుక్కుంటుందని తెలుసు గనుక, ఆ అక్షరం కోసం కాచుకున్నాను. "జ" వస్తే క్లాసు దానిదే. నాలుక పైకి అంటుకుంటుందా, పెదాలు మూసుకుంటాయా?

పెదాలు మూసుకున్నాయి.

"మ... మ..."

బయట పిల్లలు అరుస్తున్నారు. మాటకు ఆసరా ఇద్దామని నోరు తెరిచి, మళ్లీ మూసుకున్నాను. అది దాని మాట.

"మనదే" అంది.

పెద్దాయన కళ్లజోడు తీసి తుడుచుకుని, చాలాసేపటికి గాని పెట్టుకోలేదు. బల్ల ఆపలేదు. దానికి దేవునికి స్తోత్రం. క్లాసు మాత్రం తీసేశారు. పాస్టరు అయ్యగారు వచ్చి తేల్చేదాకా పిల్లలకు పాఠం చెప్పమని నన్ను అడిగారు. "మీకు అనుమానం ఎక్కువ టీచరమ్మా, పిల్లోళ్లు భద్రంగా ఉంటారు" అన్నాడు పెద్దాయన. పొగిడాడో, దెప్పాడో.

ఇప్పుడు మదనపల్లె క్లాసును ఇంకొకరికి అప్పగించి, ఆదివారం పొద్దున్నే పుంగనూరు బస్సెక్కుతున్నాను. ఆ పిల్లలు నన్ను మర్యాదగా చూస్తారు. పాఠం మధ్యలో తలలు తిప్పి, స్త్రీల వైపు కూర్చున్న వాళ్ల టీచరును చూస్తారు. దీవెన అయ్యాక కొందరు ఆడవాళ్లు దాని చేయి పట్టుకుని పోతారు, కొందరు చాప ఎత్తుకుని దూరంగా జరిగి పోతారు. దాని మొగుడు ఆటో స్టాండులో మా ఆమే రాసిందని చెప్పుకుంటున్నాడట. అయినా కత్తే బాగుందని అంటున్నాడట. అది ఇప్పుడు ఏమీ రాయడం లేదు. నిద్ర పడుతోందా అని అడిగితే తల అటూ ఇటూ కాకుండా ఊపింది.

నా మనసు మారలేదు. దయ్యానికి సమాధానం లేదనే నమ్ముతాను. ఆ గవిలో కూర్చున్నవాడు దయ్యమేనా అన్న దగ్గరే నా కాలు ఆగిపోతోంది. అది నాకు తెలియకుండా నేను మా బిడ్డ మీద తీర్పు చెప్పలేను, దాన్ని వెనకేసుకుని రాలేను. క్లాసులో ఒక పిల్ల పోయిన వారం "గవిదొర మంచోడయినాడా టీచర్?" అని అడిగింది. పాఠంలోకి తిప్పేశాను.

ఇది చదువుతున్నవారు, మీరు కథను మెచ్చినవారైనా, అసహ్యించుకున్నవారైనా, వీడియో చూసి ఊరుకున్నవారైనా, ఉన్నచోటనే తల వంచి నాతో ఏకీభవించండి. రాబోయే అయ్యగారు తీర్పుకు ముందు ఆ కథను మొదటి నుంచి చివరి దాకా చదివేలా ప్రార్థించండి. పుంగనూరు పెద్దాయన కోసం, ఆయన ఆ ప్రశ్న ఏ ఉద్దేశంతో అడిగినా సరే, ప్రార్థించండి. ఎర్రనీళ్లు చిమ్మిన కుప్పం మనిషి కోసం, మెట్ల కింద ఆడుకునే పిల్లల కోసం ప్రార్థించండి. నా తమ్ముడి బిడ్డ నాలుక కోసం, అది సాఫీగా ఆడే ఆ ఒక్క చోటు మళ్లీ దానికి దక్కడం కోసం ప్రార్థించండి. నాలో ఉన్నది వివేచనో, అమ్మ అన్నదో, దాన్ని ఆయనే వేరు చేయాలని కూడా అడగండి. ఆమేన్ మీరే అనండి.